బల్లుల ఇంట్లో ఎవరూ తొక్కని పలక

మా ఇంటిని చూడడానికి ఎక్కడెక్కడి నుంచో జనం వస్తారు. గొప్పలు పోతున్నాననుకోకండి. బార్సిలోనాలో సంత్ అంతోని బజారు దగ్గర ఎవరినైనా ఆపి బల్లుల ఇల్లు ఎక్కడని అడగండి, వేలు పెట్టి చూపిస్తారు. వీధి తలుపు మీద ఇనప బల్లులు, గోడల మీద సున్నంలో గీసిన పువ్వులు, మెట్ల దగ్గర రంగుటద్దాలు, తిన్నటి గీతంటూ ఎక్కడా లేకుండా వంపులు తిరిగిన కటకటాలు. కాలికి బలపం కట్టుకుని తిరిగే టూరిస్టులు తలలు వెనక్కి వాల్చి ఫొటోలు తీసుకుంటారు. చెత్తబుట్ట పట్టుకుని బయటికొచ్చే నన్ను మాత్రం పక్కకి జరగమని సైగ చేస్తారు. ఫొటోకి అడ్డం వస్తానట. నేను జరగను.

నా పేరు ఎంగ్రాసియా. ఈ ఇంటికి కోడలిగా వచ్చాను. కింద పాల దుకాణం అత్తగారి చేతుల్లోంచి అందుకుని మోకాళ్ళు అరిగేదాకా నడిపాను. ఇంటి గొప్పదనం చెప్పడానికి గైడు ఒలెగేర్ ఉన్నాడు. ఏ పువ్వు ఎవరు గీశారో, ఏ కవి ఏ కిటికీ పక్కన కూర్చుని ఏ పద్యం రాశాడో అంతా చక్కగా చెప్తాడు, మధ్యమధ్య పద్యాలు కూడా చదువుతాడు, వినడానికి బాగానే ఉంటుంది. నేను చెప్పబోయేది మూడో అంతస్తు తెక్లా గురించి. ఆవిడ మీద పద్యాలేమీ లేవు.

తెక్లా ఇంట్లో, మా ఇళ్ళన్నిటిలాగే, పొడుగాటి చీకటి నడవ. ఒక కొసన వీధి గది, రెండో కొసన వంటిల్లు, మధ్యలో పడకగదులు. నేలంతా రంగు పలకలు. నాలుగు పలకలు కలిస్తే ఒక ఎర్ర పువ్వు, చుట్టూ ఆకుపచ్చ తీగ. మిగతా అంతస్తులవాళ్ళు ఎప్పుడో వాటిని పీకించి చెక్క పరిపించుకున్నారు. తెక్లా ఇంట్లో ఒక్కటంటే ఒక్క పలక మార్చలేదు. అందుకే ఒలెగేర్ ఆ నేల చూపించడానికి శనివారాలు మనుషుల్ని పైకి తీసుకొచ్చేవాడు. అందంగా ఉందని తెక్లా దాన్ని ఉంచుకుందని వాళ్ళనుకునేవారు. ఆవిడ ఉంచుకున్నది ఒక్క పలక కోసం. వంటింటి గుమ్మానికి ముందు, నడవ వెడల్పుకి సరిగ్గా నడిమధ్యన ఉంటుంది అది.

కథ మా దేశంలో అన్నదమ్ములే కొట్టుకున్న యుద్ధం నాటిది. పందొమ్మిది వందల ముప్పై ఎనిమిది మార్చిలో విమానాలొచ్చి ఊరి మీద బాంబులు వేశాయి. పక్క వీధిలో పడ్డ బాంబుకి మా ఇల్లంతా ఊగింది, రంగుటద్దాలు రాలాయి, తెక్లా వాళ్ళ నడవలో ఈ పలక వదులైంది. కాలు పడితే చాలు, టక్ మనేది. తెక్లా వాళ్ళ నాన్న ఇసీద్రె పలకల కార్ఖానాలోనే పనిచేసేవాడు. ఊళ్ళోవాళ్ళ ఇళ్ళకి పలకలు పోసేవాడు, సొంతింట్లో ఒక్క పలక సరిచేయడానికి తీరిక లేదు. ఆదివారం చేస్తా, వచ్చే ఆదివారం చేస్తా అంటూ ఉన్నాడు.

ఆయన కొడుకు, తెక్లా అన్న గయెతాకి పదిహేడేళ్ళు. సాయంత్రం బడి నుంచి, బడి తర్వాత ఇంకెక్కడెక్కడి నుంచో, పిల్లిలా చప్పుడు కాకుండా వచ్చేవాడు. బూట్లు చేత్తో పట్టుకుని వచ్చినా ఆ పలక మాత్రం పట్టించేసేది. టక్ మనగానే గదిలోంచి తల్లి కితేరియా పిలిచేది.

"గయెతా? కుండలో పులుసు వెచ్చగానే ఉంది."

"ఆఁ అమ్మా, నేనే" అనేవాడు వాడు.

అంతే, రోజూ అవే రెండు మాటలు. తెక్లాకి అప్పుడు తొమ్మిదేళ్ళు. మంచం మీద పడుకుని ఆ రెండు మాటలూ విన్నాక గానీ ఆ పిల్లకి నిద్ర పట్టేది కాదట.

ఏప్రిల్లో సంత్ జోర్ది పండగొచ్చింది. ఆ రోజు మా ఊళ్ళో మగవాళ్ళు ఆడవాళ్ళకి గులాబీ ఇస్తారు, ఆడవాళ్ళు పుస్తకం ఇస్తారు. తినడానికి రొట్టెకే కటకటగా ఉన్న ఏడాది. గయెతా ఎవరి తోటలోంచి కోశాడో, తల్లికి ఒక గులాబీ తెచ్చాడు. తల్లి వాడికి పాత పుస్తకాల బండి మీద ఒక పుస్తకం కొనిచ్చింది. తీరం నుంచి బయల్దేరిన పడవవాళ్ళ కథ. ఆ వారంలోనే పాలసీసా పిల్లల్ని పిలిచారు. అదే పేరు వాళ్ళకి. సైన్యానికి పెద్దవాళ్ళు చాలక, ఇంకా మూతి మీద పాలు ఆరని పిల్లల్ని యుద్ధానికి పట్టుకెళ్ళారు కనక. గయెతా పుస్తకం సగం చదివి, చదివిన చోట పేజీ మూల మడిచి వెళ్ళాడు. పోరు జరుగుతున్న ఎబ్రో నది వాడు దాటాడని తెలిసింది. ఆ తర్వాత ఏమీ తెలియలేదు. చనిపోయాడని చెప్పినవాళ్ళు లేరు, చూశామన్నవాళ్ళూ లేరు.

అప్పుడు కితేరియా ఇంట్లో ఒక కట్టుబాటు పెట్టింది. ఆ పలక ఎవరూ తొక్కకూడదు. దాటి నడవాలి. అది గయెతా తొక్కే పలక. ఇంకెవరూ తొక్కకపోతే, ఏ రోజైనా అది టక్ మంటే వచ్చింది వాడేనని తెలుస్తుంది. యుద్ధం అయిపోయింది, ఓడినవాళ్ళు కొండలు దాటి పారిపోయారు, గెలిచినవాళ్ళు మా భాషలో బడి చెప్పడం ఆపించారు, ఆ భాషలో ఉన్న పడవవాళ్ళ పుస్తకం పిండి డబ్బా వెనక్కి చేరింది. ఆ ఇంట్లో మాత్రం ముగ్గురు మనుషులూ అక్కడ ఒక్కొక్క పెద్ద అంగ వేసుకుంటూ వంటింటికి వెళ్ళారు.

పెళ్ళయిన కొత్తలో పాలు ఇవ్వడానికి మొదటిసారి ఆ నడవలోకి వెళ్ళాను. తెక్లా నా మోచెయ్యి ఎంత గట్టిగా పట్టుకుందంటే గిన్నె తొణికింది.

"దాటు."

"ఏం, బురదుందా?"

"లేదు. దాటు, తర్వాత చెప్తాను."

తర్వాత చెప్పింది. నాకు జాలేసింది, విసుగూ వచ్చింది. దాచడం దేనికి, నాది ముందు నుంచీ ముక్కుసూటి నోరు. ఆ పలక ఏడాదిలో రెండు మూడుసార్లు నిజంగానే టక్ మనేది. నడవలో మనిషి ఉండడు, చప్పుడు ఉంటుంది. తల్లి పిలిచేది, కుండలో పులుసు వెచ్చగా ఉందనేది. జవాబు కోసం ఇంటిల్లిపాదీ ఊపిరి బిగబట్టి కూర్చునేవాళ్ళు. నేనే మూడుసార్లు విన్నాను. ఒళ్ళు జలదరించిన మాట నిజమే కానీ నా దగ్గర సమాధానం ఉంది.

"రైలు" అన్నాను తెక్లాతో. "నేల కింద రైలు పోతుంటే నా దుకాణంలో గ్లాసులన్నీ గలగలమంటాయి. మీ పలక వదులుగా ఉంది, అందుకని కదులుతుంది. నా గ్లాసుల్ని కూడా మీ అన్నే కదుపుతున్నాడంటావా?"

"రైలు రోజూ పోతుంది కదే. పలక రోజూ ఎందుకు మోగదు?"

"పలకనే అడుగు. నేను పాలు అమ్ముకునేదాన్ని."

"నీ నోట్లో ఒక్క మంచి మాట పుట్టదే ఎంగ్రాసియా" అని నవ్వేది. పాపం, నవ్వేది.

తెక్లా దర్జీ పని చేసేది, ఇంట్లోనే. బయట పని దొరికినా పోలేదు. తండ్రి పోయాడు, తర్వాత తల్లి పోయింది. పోయే ముందు కితేరియా కూతురి చెయ్యి పట్టుకుని ఒకటే అడిగింది. ఇంట్లో ఎవరో ఒకరు ఉండాలి, వాడొచ్చి పలక తొక్కితే పలకడానికి. తెక్లా సరేనంది. ఆ ఒక్క మాట ఆవిడ జీవితమంతటినీ మింగేసింది. నాకు ఆ తల్లి మీద కోపం ఇప్పటికీ పోలేదు.

బొనవెంతూర అని ఒకాయన ఉండేవాడు, పుస్తకాలు కుట్టి అట్టలు వేసేవాడు. మంచివాడు, కాస్త బట్టతల. ఏటా సంత్ జోర్దికి గులాబీ పట్టుకుని మూడంతస్తులు ఎక్కేవాడు, పలక దాటి వంటింట్లోకి వచ్చి కూర్చునేవాడు. గయెతా పుస్తకం చివికిపోతుంటే దాన్ని విప్పి మళ్ళీ కుట్టి తోలు అట్ట వేశాడు. మడిచిన మూల విప్పకుండా అలాగే ఉంచి కుట్టాడు. అంత జాగ్రత్త తెలిసిన మనిషి. సబదేల్‌లో దుకాణం పెడుతున్నాను, పెళ్ళి చేసుకుని వస్తావా అని అడిగాడు. తెక్లా ఇల్లు వదలనంది.

"పలక పీకి తెస్తాను" అన్నాడట ఆయన. "సబదేల్‌లో మన గుమ్మం ముందు నేనే పరుస్తాను."

తెక్లా మొదట నవ్విందట, తర్వాత ఏడ్చిందట. "పలకని తేగలవు. వాడికి దారి తెలియాలి కదా" అంది. ఆయన ఒక్కడే వెళ్ళాడు. నేను ఆ వారమంతా తెక్లాతో మాట్లాడలేదు, పాలు మాత్రం పైకి పంపాను.

ఏళ్ళు గడిచాయి. ఊరు మారింది. ఎవరూ పట్టించుకోని మసి గోడల్ని కడిగి మెరుగుపెట్టి, మా బల్లుల్ని పుస్తకాల్లోకి ఎక్కించారు. ఒలెగేర్ వచ్చాడు, వాడి వెనక టూరిస్టులొచ్చారు. తెక్లా వద్దంటుందనుకున్నాను. రమ్మంది. అంతమంది నడుస్తుంటే ఇంట్లో సందడిగా ఉంటుందట. నడవలో పలక పక్కనే కుర్చీ వేసుకుని, ఒళ్ళో కుట్టుపని పెట్టుకుని కూర్చునేది. ఒక్కొక్కరికీ చెయ్యి ఊపి "దాటండి, దాటండి" అనేది. ఎందుకో తెలియకపోయినా అందరూ దాటేవారు. ఒక ముసలావిడ, ఏ దేశమో ఏమో, పలకకి వంగి దణ్ణం పెట్టి మరీ దాటింది. తెక్లాకి ఆవిడ భలే నచ్చింది.

"చూశావా, బయటివాళ్ళకి ఉన్న బుద్ధి నీకు లేదు" అంది నాతో.

"నువ్వు రేపో మాపో హుండీ కూడా పెట్టేట్టున్నావ్" అన్నాను.

ఆవిడకి ఎనభయ్యో ఏడు నడుస్తున్నప్పుడు, సంత్ జోర్ది రోజున ఈ ఆటంతా ముగిసింది. పండగ కనక వచ్చినవాళ్ళ చేతుల్లో గులాబీలు, చంకల్లో పుస్తకాలు. నేను వేడి చాక్లెట్ కాచి పైకి తీసుకెళ్ళాను, గుమ్మంలో నిలబడ్డాను. ఒలెగేర్ నడవ పైకప్పులో ఉన్న సున్నపు గులాబీల గురించి చెప్తున్నాడు. ఒక పొడుగాటి మనిషి, పైకప్పు మొత్తం ఫొటోలో పట్టాలని, కెమెరా కంటికి ఆనించుకుని వెనక్కి వెనక్కి నడిచాడు. తెక్లా చెయ్యి ఊపింది. ఆయన చూస్తే కదా. నేను నోరు తెరిచేలోపే పడింది అడుగు, పెద్ద బూటు, మనిషి బరువంతా మోపి, సరిగ్గా పలక మధ్యలో.

చప్పుడు కాలేదు.

ఆ మనిషి ఏదో తప్పు జరిగిందని కంగారుపడి పక్కకి దూకాడు. తెక్లా కుట్టుపని కింద పడింది.

"మళ్ళీ తొక్కమను" అంది ఒలెగేర్‌తో.

"సెన్యోరా, ఆయన చూసుకోలేదు, ఏమనుకోకండి" అన్నాడు ఒలెగేర్.

"నేనేమీ అనుకోవడం లేదు నాయనా. మళ్ళీ తొక్కమను."

తొక్కాడు పాపం, ముందు మెల్లిగా, తర్వాత గట్టిగా. ఆ చివర తొక్కాడు, ఈ చివర తొక్కాడు. పలక కొండరాయిలా ఉలకలేదు, పలకలేదు. చుట్టూ ఉన్నవాళ్ళు ఇదంతా చూపించే తంతులో భాగమేమో అనుకుని చప్పట్లు కొట్టబోయారు. తెక్లా కుర్చీ చేతులు పట్టుకుని లేచింది. తొమ్మిదేళ్ళ పిల్లప్పుడు మానేసిన అడుగు మళ్ళీ వేసింది. రెండు కాళ్ళూ మోపి పలక మీద నిలబడింది. కింద చూస్తూ నిలబడే ఉంది. ఒలెగేర్ తెలివైనవాడు, అందరినీ మెల్లిగా మెట్ల మీదికి తోలుకుపోయాడు.

మేమిద్దరమే మిగిలాం. నేను మోకాళ్ళ మీద కూర్చోలేను కనక బోర్లా పడుకున్నంత పని చేసి, టార్చి వేసి చూశాను. మిగతా పలకల సందుల్లో పాత సున్నం, తెల్లగా, రాలిపోతూ ఉంది. ఈ పలక చుట్టూ బూడిదరంగు సిమెంటు, ఇనుములా ఉంది. ఎవరో పీకి, కింద సిమెంటు పోసి, నొక్కి పెట్టేశారు. ఒక అంచున సిమెంటుని చదును చేసిన వేలి జాడ గట్టిపడి ఉండిపోయింది. మధ్యలో అడ్డంగా ఒక గాటు.

"వేలికి ఏదో గాటున్న మనిషి చేసిన పని ఇది" అన్నాను.

తెక్లా పక్కన కూర్చుని ఆ జాడలో తన వేలు పెట్టింది. "నాన్న చూపుడువేలు కార్ఖానా అచ్చులో పడి తెగింది" అంది. "గాటు పోలేదు ఎప్పటికీ."

కాసేపటికి గుర్తు తెచ్చుకుంటూ చెప్పింది. యుద్ధం అయిన నాలుగైదేళ్ళకి, ఒక చలికాలం, పందిని కోసే రోజులకి తల్లినీ తననీ విక్‌లో ఉన్న పిన్ని దగ్గరికి పంపాడు నాన్న. తను రాలేనన్నాడు. వాళ్ళు తిరిగొచ్చేసరికి నడవంతా తడి వాసన వేస్తోంది. తొట్టి పొంగిందన్నాడు.

"అమ్మ చప్పుడు చప్పుడుకీ లేచి కూర్చుంటోంది, తిండి మానేసింది" అంది తెక్లా. "ఆ చప్పుడు ఆపేస్తే అమ్మ మనసు కుదుటపడుతుందనుకుని ఉంటాడు. చెప్పే ధైర్యం లేకపోయింది. ఎవరం తొక్కం కనక మాకు తెలిసే దారే లేదు."

"ఆయన కూడా దాటేవాడు కదే" అన్నాను. నాకు బాగా గుర్తు. బీరువా మోస్తూ కూడా ఆ పలక దాటడానికి కాలు చాచాడు, నేను చూశాను.

అంటుండగానే ఇంకొకటి గుర్తొచ్చింది నాకు. పెళ్ళయిన మొదటి ఏడు, అంటే సిమెంటు పడ్డ ఎన్నో ఏళ్ళ తర్వాత, మధ్యాహ్నం భోజనాల వేళ, నేను పాలు పోస్తుంటే నడవలో టక్ మంది. కితేరియా యథాప్రకారం పిలిచింది. ఇసీద్రె చేతిలో చెంచా నోటి దాకా వెళ్ళి ఆగింది. అందరం నడవలోకి చూశాం, ఆయన మాత్రం పళ్ళెంలోకే చూస్తున్నాడు, మొహంలో నెత్తురు చుక్క లేదు. భార్య చాదస్తానికి విసిగిపోయాడనుకున్నాను అప్పుడు. సిమెంటు పోసిన చేత్తో చెంచా పట్టుకుని, మోగడానికి వీల్లేని పలక మోగుతుంటే విన్నాడు ఆ మనిషి. చచ్చేదాకా ఏడాదికి రెండు మూడుసార్లు విన్నాడు. ఒక్కరికి చెప్పుకోలేకపోయాడు. పడుకుని ఉన్నదాన్ని పడుకున్నట్టే ఉండిపోయాను.

తెక్లా నా మొహం చూసి కనిపెట్టేసింది.

"ఇన్నేళ్ళూ రైలు రైలు అన్నావు. పలక వదులుగా ఉంది, అందుకే మోగుతోందన్నావు. ఇప్పుడు చెప్పు, ఏం మోగింది?"

"నాకేం తెలుసు."

"నాకు తెలుసు" అంది. ఏడుస్తుందనుకున్నాను. అరవై డెబ్బై ఏళ్ళు ఒక అబద్ధాన్ని దాటుకుంటూ బతికినందుకు నెత్తీ నోరూ బాదుకుంటుందనుకున్నాను. ఆవిడ మొహం కడిగినట్టుంది. "పలక వల్ల కాదన్నమాట. వాడే" అంది.

మనసారా నమ్మి అంది ఆ మాట. నాకు భయం వేసింది. ఆ ఇంట్లో ఇన్నాళ్ళూ భయం లేకుండా తిరిగానంటే నా దగ్గర రైలు ఉంది కనక. ఇప్పుడు అది కూడా లేదు.

మర్నాటి నుంచి తెక్లా పలక మీద నుంచే నడిచింది. దాటాల్సిన పని లేదంది. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని పడవవాళ్ళ పుస్తకం తీసి, గయెతా మడిచిన మూల విప్పి, అక్కణ్ణుంచి చదవడం మొదలెట్టింది. అన్న ఆపిన చోటు దాటి ఇన్నేళ్ళలో ఒక్క వాక్యం కూడా చదవలేదట. రోజూ సాయంత్రం కొంచెం చదివేది, నేను చిక్కుళ్ళు ఒలుస్తూ వినేదాన్ని. చివర్లో పడవవాళ్ళు ఊరు చేరతారు, ఎవరెవరికో పెళ్ళిళ్ళవుతాయి.

"ఇంతేనా?" అన్నాను.

"ఇంతే. వాడు పెద్దగా పోగొట్టుకున్నదేం లేదులే" అని పుస్తకం మూసేసింది. ఇద్దరం పడీ పడీ నవ్వాం.

వేసవి దాటాక ఆవిడకి ఊపిరాడడం తగ్గింది. ఆసుపత్రికి రమ్మంటే రానంది, చివరికి నేనే కసిరి ఒప్పించాను. అంబులెన్సువాళ్ళు కుర్చీలో కూర్చోబెట్టి నడవలోంచి మోసుకెళ్తుంటే నా చెయ్యి పట్టుకుని ఆపింది.

"తాళం చెవి నీ దగ్గరే పెట్టుకో. చప్పుడైతే నువ్వు పలుకు."

"నాకు పలకలతో మాట్లాడే పిచ్చి లేదు."

"పేరు పెట్టి పిలువు, చాలు. వాణ్ణి నడవలో నిలబెట్టి వదిలేయకు ఎంగ్రాసియా."

"సరేలే, నువ్వు ముందు బాగుపడి రా" అన్నాను. సరే అనేశాను గానీ చేద్దామని కాదు.

ఆవిడ తిరిగి రాలేదు. వీధి మూలల్లో కాల్చిన చెస్ట్‌నట్లు అమ్మే రోజుల్లో, సమాధుల మీద పువ్వులు మార్చే పండగకి ముందు పోయింది. కొండ మీద శ్మశానంలో, గోడలో అరల్లో, అమ్మా నాన్నల అరలోనే పెట్టాం. అర మూసే రాతి మీద వాళ్ళ పేర్ల కింద ఇంకొక్క పేరుకి చోటుంది. గయెతా కోసం కితేరియా ఆ రోజుల్లోనే వదిలిపెట్టించిన చోటట. రాయి చెక్కేవాడు తెక్లా పేరు అక్కడ చెక్కమంటారా అని అడిగితే, వద్దు, కింద ఇరికించు అన్నాను.

ఇల్లు ఎవరికి పోతుందో తేలేదాకా చెవి నా దగ్గరే ఉంది. శనివారాలు ఒలెగేర్ కోసం తలుపు తీస్తాను, మిగతా రోజుల్లో జెరేనియం కుండీలకి నీళ్ళు పోస్తాను. ఫిబ్రవరిలో ఒక రోజు మధ్యాహ్నం అలాగే వెళ్ళాను. ఊళ్ళో ఆ రోజు రైళ్ళ సమ్మె. బజారంతా బోసిగా ఉంది, నా దుకాణం గ్లాసులు పొద్దుటి నుంచీ ఒక్కసారి కూడా కదల్లేదు. వీధి గదిలో కుండీలకి నీళ్ళు పోసి చెంబు కింద పెడుతున్నాను.

నడవలో టక్ మంది.

గోడ పట్టుకుని నడవలోకి చూశాను. మనిషి లేడు. కిటికీ రెక్కల సందుల్లోంచి పడ్డ ఎండ నేల మీద అలాగే ఉంది. చెప్పుకోవడానికి సిగ్గేం లేదు, పారిపోదామనుకున్నాను. బయటికి పోవాలంటే ఆ నడవలోంచే పోవాలి. తెక్లా అన్న మాట గుర్తొచ్చింది, నిలబెట్టి వదిలేయకని. డెబ్బై ఏళ్ళుగా ఆ పిల్లాడు వచ్చిన ప్రతిసారీ ఈ ఇంట్లో ఎవరో ఒకరు పలికారు. ఇప్పుడు నేను నోరు మూసుకుంటే, ఇల్లు పాడుపడిందనుకుని పోతాడు.

"గయెతా?" అన్నాను.

కుండలో పులుసుందని కూడా చెప్పాలి. కానీ వంటింట్లో కుండ లేదు, పొయ్యి చల్లారి నెలలైంది, అబద్ధం చెప్పబుద్ధి కాలేదు ఆ పసివాడికి.

"పొయ్యి ఆర్పేశాం నాయనా" అన్నాను. "ఇంట్లో మీవాళ్ళెవరూ లేరు. నీ చెల్లెలు నీకోసమే బయల్దేరింది. దారిలో కనపడలేదా?"